పెరుగు కుండకు పెళ్లి కోటు

వెంకటప్పయ్య పెళ్లి కోటు పెరుగు కుండకు అతికినట్టు సరిపోయింది. ఆయనకు సరిపోవడం మానేసి ఏళ్లు గడిచాయి కాబట్టి, దాని మీద ఆయనకింక హక్కు లేదని సుబ్బరత్నం తేల్చేసింది.

ఖమ్మంలో పేరున్న దర్జీ కుట్టిన ఉన్ని కోటు అది. పెళ్లినాడు అన్ని బొత్తాలూ పెట్టుకుని ఒకసారి, బావమరిది పెళ్లినాడు ఊపిరి బిగబట్టి ఇంకోసారి తొడుక్కున్నాడు. ఆ తర్వాత పొట్ట ముందుకొచ్చింది. మోచేతుల దగ్గర చిమ్మటలు కాపురం పెట్టాయి. ఒక చలికాలం సుబ్బరత్నం దాన్ని పెట్టెలోంచి తీసి, చేతులు రెండూ కత్తిరించి, అడుగున పాత తువ్వాలు మడత వేసి కుట్టి, పెరుగు కుండకు తొడిగి, మెడదాకా బొత్తాలు పెట్టింది. తెల్లారగట్ల వంటింటి మూల ఎవరో పొట్టి పెద్దమనిషి కూర్చున్నట్టు కనిపించేది. మొదటిరోజు వెంకటప్పయ్య నిద్రమత్తులో దానికి నమస్కారం కూడా పెట్టాడు.

తేరుకున్నాక అడిగాడు. "ఏందే రత్నం, నా పెళ్లి కోటు తీసి కుండకు తొడిగినవ్?"

"నీకు చలేస్తుందా?"

"లేదు."

"దానికి ఏస్తుంది."

చండ్రుగొండ దాటి అడవి అంచుకు పోతే వీళ్ల ఊరు. మార్గశిరం వచ్చిందంటే అక్కడ ఏ ఇంట్లోనూ మధ్యాహ్నందాకా పెరుగు తోడుకోదు. సుబ్బరత్నం ఇంట్లో మాత్రం తెల్లారేసరికి కుండ బోర్లించినా జారని గడ్డ పెరుగు. తోడుకు గిన్నె పట్టుకుని వచ్చే అమ్మలక్కలు కోటును చూసి ముందు నవ్వేవారు, తర్వాత ఇంటికెళ్లి మొగుళ్ల పెట్టెలు వెతికేవారు.

కత్తిరించిన చేతులు కూడా ఖాళీగా కూర్చోలేదు. ఒకటి కొడవలికి ఒర అయింది, రెండోది టార్చిలైటుకు తొడుగయింది.

సుబ్బరత్నానిది తల్లాడ దగ్గర ఊరు. ఆమె దగ్గర పాతబట్ట అంటే ఉద్యోగం కోసం వచ్చిన మనిషి కిందే లెక్క. ముందు చెంపకు ఆనించుకుని చూస్తుంది. తర్వాత నీళ్లలో ముంచి ఎంత తాగుతుందో చూస్తుంది. రెండు చేతులా పట్టి లాగుతుంది. ఆఖరున "నువ్వేం పని చేస్తవ్?" అని దాన్నే అడుగుతుంది. మెత్తని నేత చీరకు బొంతలో కొలువు. పలచబడ్డ పంచెకు బెల్లం పాకం వడకట్టే పని. తువ్వాళ్లను జడలల్లి, చుట్టి కుట్టి, అడుగున సైకిలు ట్యూబు ముక్కలు వేసి గుమ్మం ముందు కూర్చోబెడుతుంది. ఆ పట్టా మీద తడికాళ్లతో పరుగెత్తినా ఎవరూ జారరు. రంగు గురించి మాత్రం ఏ బట్టనూ ఒక్క ప్రశ్న అడగదు.

వెంకటప్పయ్య బాధ అక్కడే ఉంది.

ఊళ్లో ఆయన్ని షోకుల అప్పయ్య అంటారు. మిరప చేనుకు ఇస్త్రీ చొక్కాతో వెళ్లేవాడు ఆ చుట్టుపక్కల ఆయనొక్కడే. ఆయనకొక టెర్లిన్ చొక్కా ఉంది, చిలకపచ్చది. దాన్ని పెట్టెలో పెడితే ఎవరికి కనిపిస్తుందని, వీధిలోంచి చూస్తే తెలిసేలా గోడకు తగిలించి ఉంచేవాడు. అలాంటి ఇంట్లో, అలాంటి మనిషి మంచం మీద, సుబ్బరత్నం కుట్టిన బొంత!

ఆ బొంతను చూసినవాళ్లు ముందు కళ్లు నులుముకుంటారు. ఆకుపచ్చ చీర పక్కన ఎర్రగళ్ల లుంగీ, దాని పక్కన నీలం దుప్పటి ముక్క, నట్టనడుమ పిండి సంచి గుడ్డ. ఆ గుడ్డ మీద 'మైదా' అన్న అక్షరాలు జానెడు పొడుగున, ఎన్ని ఉతుకులు ఉతికినా చెక్కు చెదరకుండా ఉన్నాయి.

"ఆ అక్షరాలు లోపలికి పెట్టి కుట్టరాదే?"

"అక్షరాల పక్క గరుకు. లోపలికి పెడితే ఒంటికి గుచ్చుకుంటది."

"చూసేటోళ్లు నవ్వరా?"

"చూసేటోళ్లు కప్పుకోరు గదా."

ఆ బొంత నాలుగు మూలలా నాడాలు వేలాడేవి, మంచం కోళ్లకు కట్టుకుంటే జారిపోకుండా. కాళ్లవైపు సంచిలా మూసి కుట్టింది, పాదాలు దూర్చుకుంటే తెల్లారేదాకా చలి అంటదు. తలవైపు పాత చొక్కా జేబొకటి అతికించింది, కళ్లజోడు పెట్టుకోవడానికి. దబ్బనంతో వేసిన పొడుగు కుట్లు చేలో సాలు దున్నినట్టు వరసగా ఉండేవి. నిజం చెప్పాలంటే అలాంటి పనితనం చూసి చేతులు జోడించాలి. వెంకటప్పయ్య జోడించలేదు. చుట్టాలొస్తే ఆ బొంతలు ఎక్కడ దాచాలా అని మాత్రం ఆలోచించేవాడు.

ఆ ఏడు ముక్కోటి ముందు ఆ గండం రానే వచ్చింది. వచ్చేది ఎవరో కాదు, గుడివాడ దగ్గర కాపురమున్న సొంత అక్క సుశీలమ్మ, బావ వెంకటరామారావు. భద్రాచలంలో ఉత్తర ద్వార దర్శనానికి వెళుతూ, ముందు తమ్ముడి ఇంట్లో రెండు రోజులు ఉంటామని కబురు పంపారు.

వెంకటప్పయ్య తండ్రి కృష్ణా జిల్లాలో పొలం అమ్ముకుని ఇక్కడికి వచ్చినప్పుడు ఈయన చిన్నపిల్లాడు. అక్క అప్పటికే అత్తవారింట్లో ఉంది. ఏ పెళ్లిలో కలిసినా అక్క అత్తగారు నలుగురిలో ఒకటే మాట అనేది. "అడవిలో పడ్డాడు పాపం, ఎట్లా బతుకుతున్నాడో!" ఆ పాపం అన్న మాట వెంకటప్పయ్య గొంతులో చేపముల్లులా ఉండిపోయింది. ఈసారి అక్క వెనక్కి వెళ్లి తన ఇంటి గురించి ఏం చెబుతుందో, అదే ఆయనకు కావాలి. మైదా పిండి సంచి కప్పుకుని బతుకుతున్నాడని చెబితే ఇక ఆ వైపు తలెత్తలేడు.

అందుకే కొత్తగూడెం పోయి, మిలమిల మెరిసే సిల్కు రజాయిలు, నెమలి బొమ్మ ఉన్న మఖమల్ పట్టా తెచ్చి గడ్డివాములో దాచాడు. చుట్టాలొచ్చే రోజు పొద్దున సుబ్బరత్నం కూలీలను తీసుకుని మిరప కోతకు వెళ్లింది. సరిగ్గా అప్పుడే వీధిలో కేక వినిపించింది.

"పాత బట్టలకు స్టీలు సామాన్లో!"

సైకిలు వెనక గంపనిండా గిన్నెలు పెట్టుకుని తిరిగే తుల్సీరాం అతను. వెంకటప్పయ్య గబగబా బొంతలు, గుమ్మం పట్టా, ఆఖరికి కుండ మీది కోటు కూడా విప్పి మూటగట్టి ముందు పడేశాడు.

తుల్సీరాం మూట విప్పి చూసి వెనక్కి జరిగాడు. "అయ్యా, ఇవి అమ్మ కుట్టినయ్ గదా. అమ్మనడిగినవా?"

"ఈ ఇంటికి యజమాని ఎవరయ్యా?"

తుల్సీరాం అన్ని ఊళ్లూ తిరిగినవాడు, అనుభవజ్ఞుడు. మూత మీద పువ్వులు చెక్కిన స్టీలు గిన్నె ఒకటి తీసి చేతిలో పెట్టి వెళ్లిపోయాడు.

వెంకటప్పయ్య రజాయిలు పరిచి, నెమలిని గుమ్మంలో నిలబెట్టి, క్షవరానికి వెళ్లాడు. నున్నగా తిరిగొచ్చేసరికి సుబ్బరత్నం చేనునుంచి వచ్చేసి ఉంది. మెరుస్తున్న మంచాలను చూసింది. నెమలిని చూసింది. కోటు పోయి దిగంబరంగా ఉన్న కుండను చూసింది.

"ఈసారి పెరుగు ఇందులనే తోడెయ్," అన్నాడాయన స్టీలు గిన్నె చూపిస్తూ. "హాల్లో బల్ల మీద పెడదాం. ఎట్లున్నది ఇల్లు?"

"బాగున్నది," అంది సుబ్బరత్నం.

అంతే. ఇన్నేళ్ల కాపురంలో ఆమె ఒక్క మాటతో సరిపెట్టడం అదే మొదటిసారి. బుద్ధి ఉన్నవాడు అక్కడే భయపడతాడు. వెంకటప్పయ్య మీసం దువ్వుకున్నాడు.

మధ్యాహ్నం వెంకటప్పయ్య బస్సు దగ్గరికి బండి కట్టుకెళ్లి చుట్టాలను తీసుకొచ్చాడు. వెంకటరామారావు కొత్త ఉన్ని కోటు వేసుకుని దర్జాగా కాళ్లు కడుక్కుని గుమ్మంలో అడుగుపెట్టాడు. నెమలి కదిలింది. ఆయన్ని ఎక్కించుకుని హాలంతా ప్రయాణం చేసి, వడ్ల గుమ్మి దగ్గర దింపింది.

"ఇదేం పట్టా రా, అప్పయ్యా? తొక్కగానే బయల్దేరింది!" అన్నాడు నడుం పట్టుకుని.

"మఖమల్ బావా, కొత్తది," అన్నాడు వెంకటప్పయ్య గర్వంగా.

సుశీలమ్మ ఇల్లంతా తిరిగి చూసి, "బాగా సర్దుకున్నావురా," అంది. ఆ మాటతో ఆయన కడుపు నిండిపోయింది. బావ కూడా రజాయి మీద చెయ్యి వేసి, ఆ మెరుపుకు మెచ్చుకున్నాడు. హాల్లో మగవాళ్లు, వంటింటి పక్క గదిలో ఆడవాళ్లు పడుకోవడంతో ఆ రోజుకు సంబరం ముగిసింది.

పొద్దున్నే లేచి చూస్తే వెంకటరామారావు మంచం మీద ముడుచుకుని కూర్చుని ఉన్నాడు. ఒంటి మీద కోటు, కోటు మీద తువ్వాలు, తలకు చుట్టుకున్నది ముక్కోటికి కట్టుకుందామని తెచ్చుకున్న పట్టుపంచె. రజాయి నేల మీద నిద్రపోతోంది.

"ఇటు లాగితే అటు జారుతుంది, అటు లాగితే ఇటు జారుతుంది," అన్నాడాయన పళ్లు టకటకలాడుతుండగా. "నేను దాన్ని కప్పుకోవడం కాదురా, దానికి కాపలా కాశాను."

వెంకటప్పయ్యకూ అదే గతి పట్టింది గానీ పైకి చెప్పే రకం కాదు. ఇంతలో సుశీలమ్మ గది తలుపు తీసుకుని కడిగిన ముత్యంలా బయటికొచ్చింది.

"ఎంత వెచ్చగా పట్టిందో నిద్ర!" అంది ఒళ్లు విరుచుకుంటూ.

వెంకటప్పయ్యకు ప్రాణం లేచొచ్చింది. "చూసినవా బావా! అక్కకు పట్టింది. రజాయిది తప్పు కాదు, కప్పుకునుడు తెలవాలె."

బావ ఆయన వంక చూసిన చూపును ఇక్కడ చెప్పకపోవడమే మర్యాద.

ఆ తర్వాత బల్ల మీది గిన్నె మూత తీశారు. మూత మీది పువ్వులు బాగానే ఉన్నాయి. లోపల మాత్రం పాలు పాలలాగే ఉన్నాయి. గరిటె పెడితే గలగలమన్నాయి. వెంకటరామారావుకు పెరుగన్నం లేకపోతే ఎంత తిన్నా తిన్నట్టుండదు. నిన్న బండిలో వస్తున్నంతసేపూ బావమరిది తన గేదె పెరుగు గురించే గొప్పలు చెప్పాడు.

బావ గిన్నెలోకి చూశాడు, గుమ్మంలో నెమలిని చూశాడు, నేల మీది రజాయిని చూశాడు. "సుశీలా, మధ్యాహ్నం బస్సుకు భద్రాచలం వెళ్లిపోదామా? అక్కడ సత్రంలో ఉందాం," అన్నాడు మెల్లగా.

తమ్ముడి ఇల్లుండగా సత్రంలో! గుడివాడలో ఇంకో పది పెళ్లిళ్లకు సరిపడా మాట అది. వెంకటప్పయ్య సైకిలు తీశాడు. ఎలాగైనా తుల్సీరాంను పట్టుకుని బొంతలు, కోటు వెనక్కి తేవాలి.

మిరప చేను గట్టు మీద, తండా నుంచి కోతకొచ్చిన గోరి కనిపించింది.

"గోరీ, తుల్సీరాం ఎటు పోయిండో చూసినవా?"

"అవ్, చూసినన్నా. సంతకు పోయిండు," అని కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది గోరి. "రంగు చొక్కా ఏసుకొని మస్తుగ పోయిండు."

అందులో నవ్వాల్సింది ఏముందో వెంకటప్పయ్యకు అర్థం కాలేదు. సంతలో అడుగుపెట్టాక అర్థమైంది. జనం మధ్యలో దూరంనుంచే చిలకపచ్చ చొక్కా ఒకటి మెరిసింది. తనలాంటి రుచి ఉన్నవాడు ఇంకొకడున్నాడని ముందు సంతోషించాడు కూడా. దగ్గరికెళితే ఆ చొక్కా జేబు కింద, తన చేత్తో తను చేసుకున్న సిరా మరక కనిపించింది. రజాయిల సంబరంలో నిన్నటినుంచి గోడ వంక చూడనేలేదని అప్పుడు గుర్తొచ్చింది.

"తుల్సీరాం! నా చొక్కా నీ ఒంటి మీదికి ఎట్లొచ్చింది?"

"అమ్మ ఇచ్చింది గదయ్యా!" అన్నాడు తుల్సీరాం ఆశ్చర్యంగా. "నిన్న మీ ఊళ్లె వీధులన్నీ తిరిగి పోతుంటే అమ్మ ఎదురొచ్చింది. గంపల మూట చూసి గుర్తువట్టింది. 'ఇవి పొరపాటున వచ్చినయ్ తుల్సీరాం, వీటికి బదులు ఇంకోటి ఇస్త' అని ఇంట్లకు తీస్కపోయింది. నువ్వు క్షవరానికి పోయినవంట."

"చొక్కా ఒక్కటే ఇచ్చిందా?"

"ప్యాంటు గుడ ఇచ్చింది. దాన్ని ఎవరో తీస్కున్నరు. ఈ చొక్కానే ఎవ్వరూ ముడ్తలేరు. సరే అని నేనే ఏసుకున్న." తుల్సీరాం కాలరు వదులు చేసుకుని, లోగొంతుతో ఎంతో గౌరవంగా అడిగాడు. "పొద్దుగాల చలికి జిల్లుమంటది, ఎండెక్కితే కాలుతది, చెమట పీల్చదు. దీన్ని ఇన్నేండ్లు ఎట్ల ఓర్సుకున్నవయ్యా?"

వెంకటప్పయ్య సైకిలు వెనక్కి తిప్పాడు.

తిరిగి వచ్చేసరికి వాకిట్లో ఎండలో మంచం వాల్చి ఉంది. దాని మీద బావ. బావ మీద బొంత. నాడాలు కోళ్లకు కట్టి ఉన్నాయి, పాదాలు సంచిలో ఉన్నాయి, కళ్లజోడు జేబులో ఉంది. మైదా అన్న అక్షరాల కింద వెంకటరామారావు పొట్ట పైకీ కిందికీ ప్రశాంతంగా కదులుతోంది. పక్కనే పీట మీద, కోటు తొడుక్కుని, మెడదాకా బొత్తాలు పెట్టుకుని పెరుగు కుండ కూర్చుంది. గుమ్మంలో నెమలి లేదు, తువ్వాళ్ల పట్టా ఉంది.

"లే బావా, భోజనానికి," అన్నాడు వెంకటప్పయ్య నీరసంగా.

"అయిందిరా," అన్నాడు బావ కళ్లు తెరవకుండా. "అది పెరుగు కాదు, జున్ను. కుండ బోర్లించి చూపించింది మీ ఆవిడ."

నిన్న సాయంత్రమే సుబ్బరత్నం గిన్నెలో కొన్ని పాలు తోడేసి, మిగతావి కుండలో తోడేసి కోటు తొడిగి గుమ్మి చాటున పెట్టింది. బొంతలు అటక మీద దాచింది. రాత్రి ఆడపడుచు చలికి వణుకుతుంటే చూడలేక ఒకటి దించి కప్పింది.

"మరి నిన్ననే ఎందుకు చెప్పలే?" అన్నాడు వెంకటప్పయ్య.

"నువ్వు అంత సంబురపడుతుంటే చెడగొట్టబుద్ధి కాలే," అంది సుబ్బరత్నం.

బావ చటుక్కున కళ్లు తెరిచాడు. "బాగానే ఉంది. నన్నెందుకు వణికించారు?"

"మీరు రజాయి మెరుస్తోందని మెచ్చుకున్నారుగా," అంది సుశీలమ్మ.

వెంకటప్పయ్య గోడ వంక చూశాడు. చొక్కా తగిలించే మేకు ఒక్కటే మిగిలింది. "నా చొక్కా ఏం పాపం చేసిందే?"

"దాన్ని గుడ అడిగిన, నువ్వేం పని చేస్తవని. నీళ్లు తాగది. పొయ్యికాడికి తీస్కపోతే ముడుచుకపోతది. బొంతల ఏస్తే జారుతది. ఏం జేస్త మరి?"

ఆయన ఏదో అనబోయాడు గానీ, ఈలోపల సుశీలమ్మ పిలిచింది. ఆమె బొంత తలవైపు అంచును తిప్పి పట్టుకుంది. లోపలి పొరలో, వెలిసిపోయిన ముదురు ఎరుపు అంచు.

"అప్పయ్యా, ఇది అమ్మ చీర కదరా?"

వెంకటప్పయ్య వంగి చూశాడు. అమ్మ పోయేదాకా ఇంట్లో కట్టుకున్న నేత చీర. ఏళ్ల తరబడి ఆయన దాన్ని చెంపకింద పెట్టుకుని పడుకున్నాడు. పైనున్న మైదా అక్షరాలకు సిగ్గుపడుతూ లోపల ఏముందో ఏనాడూ చూడలేదు. నిన్న దాన్నే స్టీలు గిన్నెకు ఇచ్చేశాడు. ఆ గిన్నె గుర్తొచ్చి ఆయనకు కళ్లలో నీళ్లు తిరిగాయి.

"పైన వేస్తే అందరికీ కనిపించేది కదమ్మా," అంది సుశీలమ్మ.

"పైన ఏస్తే ఎండకు, ఉతుకుడుకు జల్దీ పోతది వదినా," అంది సుబ్బరత్నం. "ఇంట్ల అంత మెత్తటి బట్ట ఇంకోటి లేదు. అందుకే మొకానికి తగిలేకాడ ఏసిన."

అత్తగారి చీరను మరదలు ఎక్కడ దాచిందో చూసిన సుశీలమ్మకు ఆ పిల్ల మీద ఎంత గౌరవం కలిగిందో, ఆమె చెయ్యి ఆ అంచు మీంచి కదలకపోవడంలోనే తెలిసింది.

"మా అత్తగారు అడుగుతుంది, మీ తమ్ముడు అడవిలో ఎట్లా బతుకుతున్నాడని," అంది చివరికి. "మాకంటే వెచ్చగా బతుకుతున్నాడని చెబుతాను."

వెంకటప్పయ్యకు కావలసిన మాట అదే. ఆయన తెచ్చిన సామానులో ఒక్కదానికీ అందులో భాగం లేదు.

ముక్కోటినాడు తెల్లారకముందే నలుగురూ భద్రాచలంలో దర్శనం వరసలో నిలబడ్డారు. గోదావరి మీంచి వచ్చే చలిగాలికి జనం గజగజలాడుతున్నారు. వదినా మరదళ్లు ఒక బొంతలో దూరారు. బావ కొత్త కోటులో ఉన్నాడు. సుశీలమ్మ చాలాసేపటినుంచి ఆ కోటు వంకే చూస్తోంది.

"ఏవండీ, మన పెరుగు కుండ పొట్ట ఎంత ఉంటుంది?" అంది.

వెంకటరామారావు మెడదాకా బొత్తాలు పెట్టేసుకుని, వరసలో నలుగురి వెనక్కి జరిగాడు.

చిలకపచ్చ చొక్కా లేక, వేరేది వేసుకోబుద్ధి కాక, ఉతికిన పాత బనీనుతో వచ్చిన వెంకటప్పయ్య భుజాల మీద సుబ్బరత్నం రెండో బొంత కప్పింది. అమ్మ చీర ఉన్నదే. వెనక ఎవరో తెల్లవారు వెలుగులో ఆయన వీపు మీది అక్షరాలు కూడబలుక్కుని చదివారు. "మై... దా." వరసంతా కిసుక్కుమంది. వెంకటప్పయ్య చెయ్యి అలవాటుగా బొంతను తిప్పుకోబోయింది.

"తిప్పకు," అంది సుబ్బరత్నం. "అమ్మ చీర ఒంటిదిక్కే ఉండాలె."

ఆయన చెయ్యి ఆగింది. చీర అంచును చెంపకు దగ్గరగా లాక్కుని, అక్షరాలను వెనక వాళ్లకు వదిలేసి, ముందుకు జరిగాడు.